సెట్టు మీద ఎండుమిరపకాయలు నిషేధం

ఐర్లాండ్‌లో మా నేవన్ ఊరి కాలనీ పిల్లలు ఈమధ్య నన్ను ఎక్కడ చూసినా ఒకటే ప్రశ్న. "ఆంటీ, మీరు సినిమాల్లో చేశారట కదా?" చేశానమ్మా, చేశాను. తెర మీద కనపడలేదు, అంతే తేడా. ఒక పిల్ల వెనకాల దాని కోటు పట్టుకుని, మంచినీళ్ళ సీసా పట్టుకుని, ముక్కు తుడిచే కాగితాలు పట్టుకుని నిలబడ్డాను. సినిమావాళ్ళు ఆ పనికి ఫ్రెంచి అత్తరు లాంటి పేరేదో పెట్టారు. మన మాటల్లో చెప్పాలంటే తోడు. చిన్నపిల్లలు నటిస్తున్నారంటే, వాళ్ళు తిన్నారా, చలికి వణుకుతున్నారా, ఎవరైనా గట్టిగా మాట్లాడారా అని చూసే పెద్దమనిషి ఒకరు పక్కన ఉండి తీరాలి. ఆ పెద్దమనిషిని నేను.

ఆ పిల్లని ఇప్పుడు యూరప్‌లో పిల్లల సినిమాలు చూసే ప్రతి ఇంట్లోనూ గుర్తుపడతారు. మొన్న డబ్లిన్ వెళ్తే ఒక బస్సు మీద దాని మొహం ఉంది. బస్సంత మొహం! నేను ఫుట్‌పాత్ మీద ఆగిపోయి, "నీ ముక్కు తుడిచింది నేనేనే" అని ఆ బస్సుతో పైకే అనేశాను. పక్కనున్న ఐరిష్ ముసలాయన నా వంక చూసి, బస్సు వంక చూసి, టోపీ సర్దుకుని కాస్త అవతలికి జరిగాడు. నాకేం సిగ్గనిపించలేదు. ఆ బస్సు మీదకి ఎక్కకముందే ఆ పిల్ల ఇంటికి వచ్చేయాల్సిన రోజు ఒకటుంది. ఆ రోజు నేను చేసిన పని వల్ల సెట్టు సెట్టంతా పొలంలోకి పరిగెత్తింది. ఇలాంటి పనుల్లోకి రావాలనుకునే మీబోటి చిన్నవాళ్ళ కోసం ఆ సంగతే చెబుతున్నాను. నేర్చుకోవడానికి ఏమైనా ఉంటే నేర్చుకోండి. లేకపోతే నవ్వుకోండి, అదీ మంచిదే.

మాది తెనాలి వైపు. మా ఆయన ఉద్యోగం పుణ్యమా అని ఐర్లాండ్ వచ్చి, ఇక్కడి క్రెష్‌లో చంటిపిల్లల్ని చూసుకుంటూ నా ఉద్యోగ జీవితమంతా గడిపేశాను. ఇంక రిటైర్ అవుతాననుకుంటుండగా మహమ్మారి వచ్చి పడింది. క్రెష్ మూతపడింది. పొద్దున్నే లేచి తోమిన గిన్నెలే మళ్ళీ తోమేదాన్ని. వంటింటి ప్రెస్సుల్లో, అదే అల్మారాల్లో, డబ్బాలన్నీ దించి, తుడిచి, ఎక్కించి, మర్నాడు మళ్ళీ దించేదాన్ని. "నిన్ను ఎక్కడైనా పనికి పంపకపోతే ఈ ఇంట్లో రంగు కూడా అరిగిపోయేలా ఉంది" అని మా ఆయన గొణిగేవాడు.

మా పక్కింట్లో ఒక కుర్ర జంట. ఆ అబ్బాయి సాఫ్ట్‌వేరు, ఆ అమ్మాయి కరీంనగర్ నుంచి వచ్చిన నర్సు. తొమ్మిదేళ్ళ కూతురు, దాని కింద ఊపిరితిత్తులు బలహీనంగా ఉన్న చంటివాడు. కోవిడ్ వార్డులో డ్యూటీ పడేసరికి ఆ అమ్మాయి చంటివాడికి భయపడి, ఆసుపత్రి దగ్గర తోటి నర్సులతో కలిసి గది తీసుకుని డబ్లిన్‌లోనే ఉండిపోయింది. సెలవు దొరికినప్పుడు వచ్చి ఇంటి ముందు ఫుట్‌పాత్ మీద నిలబడేది. కూతురు కిటికీ లోపల నిలబడి అద్దానికి చెయ్యి ఆనించేది. నేను సరిగ్గా అప్పుడే మొక్కలకు నీళ్ళు పోసే నెపంతో వెనక్కి తిరిగేదాన్ని. ఆ కాలంలో మా మొక్కలు తాగినన్ని నీళ్ళు ఏ మొక్కలూ తాగి ఉండవు.

అలాంటి రోజుల్లో ఆ పిల్లకి సినిమాలో వేషం వచ్చింది. క్రిస్మస్ విందులో కోసి వండటానికి తెచ్చిన పెద్దబాతును ఒక పిల్ల దాచిపెట్టి కాపాడుకోవడం, అదీ కథ. స్కూలు ద్వారా కబురొస్తే తండ్రి మీటింగు మధ్యలోనే ఫోనులో వీడియో తీసి పంపాడు. వెనకాల అతని మేనేజరు గొంతు వినిపిస్తూనే ఉంది. అయినా వాళ్ళకి పిల్ల నచ్చింది. నల్లటి చారడేసి కళ్ళు, నోరు తెరిస్తే మా మీత్ జిల్లా యాస. తల్లి ఆసుపత్రి మనిషి కాబట్టి సెట్టుకు రాకూడదు. తండ్రికి ఉద్యోగం, చంటివాడు. ఆ అమ్మాయి నాకు ఫోన్ చేసింది.

"ఆంటీ, మీరు పోతరా దానితోని? వేరేటోళ్ళ మీద నాకు భరోసా లేదు."

క్రెష్‌లో పనిచేసిన దాన్ని కాబట్టి గార్డులు, అంటే ఇక్కడి పోలీసులు, నా గురించి విచారించి ఇచ్చిన కాగితాలన్నీ నా దగ్గర సిద్ధంగానే ఉన్నాయి. ఫోను పెట్టకముందే కోటు వేసుకున్నాను.

విషయం తెలిసి నేవన్ తెలుగువాళ్ళ వాట్సాప్ గ్రూపు ఊగిపోయింది. అంకుల్స్ అందరూ చప్పట్లు, ఆంటీలందరూ పూలగుత్తులు. "మన హీరోయిన్", "మన బంగారం", "ఎంత అదృష్టమో". ఎవరో ఆ పిల్ల ఫోటోకి కిరీటం కూడా తగిలించారు. ఇన్ని కళ్ళు పడుతున్నాయే అని అప్పుడే నా మనసుకి తట్టింది. గుర్తుంచుకోండి, తర్వాత పనికొస్తుంది.

షూటింగు నేవన్ దాటి గంట ప్రయాణం దూరంలో ఒక పొలంలో. మొదటి రోజు దారిలో గార్డులు కారు ఆపారు. ఊళ్ళు దాటి తిరగకూడని కాలం కదా. నేను కాగితం వెతుక్కుంటుంటే వెనక సీట్లోంచి ఈవిడగారు కిటికీ దించి, "అయామ్ గోయింగ్ టు సేవ్ ఎ గూస్" అని గంభీరంగా చెప్పింది. బాతును కాపాడటానికి పోతోందట. ఆ గార్డు అంతకన్నా గంభీరంగా, "గుడ్ వుమన్ యువర్సెల్ఫ్" అని, శభాష్ అన్నట్టు సెల్యూట్ కొట్టి పంపించాడు. నేను చూపించబోయిన కాగితం చేతిలోనే ఉండిపోయింది. ఈ దేశం మీద నాకు ప్రేమ ఎందుకని అడిగేవాళ్ళకి నేను ఇదొక్కటే చెబుతాను.

సెట్టు మీద పెద్ద డైరెక్టరు కాదు, కోవిడ్ ఆఫీసరు. మహమ్మారికి ముందు పెళ్ళిళ్ళు చేయించే హోటల్లో మేనేజరట. గుమ్మటం లాంటి మనిషి, పసుపు జాకెట్టు, చేతిలో రెండు మీటర్ల పొడుగు కర్ర. ఇద్దరు మాట్లాడుకుంటుంటే మధ్యలో ఆ కర్ర పెట్టి చూసి, సరిపోతే "గ్రాండ్" అనేవాడు. భోజనానికీ గ్రాండ్, వానకీ గ్రాండ్, తన కాలు విరిగినా గ్రాండ్ అనేటట్టుండేవాడు. ఎవరైనా ఒక్క దగ్గు దగ్గితే మాత్రం అతని మొహంలో గ్రాండ్ మాయమైపోయేది. దగ్గినవాడు ఇంటికి, పని బందు. అతని నియమం అదొక్కటే. గాలి బాగా ఆడాలని మాకిచ్చిన కారవాన్ గోడకి ఒక పెద్ద ఫ్యాను బిగించాడు. లోపలి గాలిని లాగి బయటికి పారబోసే ఫ్యాను. ఆ బయట ఏముందో అప్పుడు ఇద్దరం ఆలోచించలేదు. జనమంతా టీ తాగే డేరా ఉంది.

పెద్దబాతు గురించి కూడా చెప్పాలి. మన ఊళ్ళ చెరువుల్లో బాతులాంటిది కాదు, నా నడుము దాకా ఉంటుంది. పిల్లంటే దానికి ప్రాణం. నేనంటే పడదు. నా పసుపు శాలువా చూడగానే మెడ చాచి నా మీదకి వచ్చేది. కళాకారులకు కోపాలుంటాయని సరిపెట్టుకునేదాన్ని.

పిల్ల నటన మాత్రం చూసి తీరాలి. ఏడవమంటే చాలు, కళ్ళు నిండేవి. ఒక చుక్క కూడా అనవసరంగా రాల్చేది కాదు. బాతును దాచే సీన్లో దాని భయం చూసి లైట్లు పట్టుకునే మనిషి ముక్కు చీదాడు (కోవిడ్ ఆఫీసరు వెంటనే అతని వైపు తిరిగాడనుకోండి). అన్నీ బాగానే వచ్చాయి, ఒక్కటి తప్ప. నవ్వు.

చివర్లో బాతును కొయ్యరని తెలిసినప్పుడు పిల్ల ఇంటి గుమ్మం మెట్టు మీద కూర్చుని బాతును వాటేసుకుని పడీపడీ నవ్వాలి. ఆ నవ్వు మీదే సినిమా అయిపోతుంది. మన పిల్ల నవ్వితే హాజరు పిలిచినట్టుండేది. "హా. హా. హా." అంతే, ఆగిపోయేది. డైరెక్టరు కార్క్ నుంచి వచ్చిన పొడుగాటి మనిషి, ఊలు టోపీ తియ్యకుండా తిరిగే ఆడమనిషి. పాపం ఆవిడ చెయ్యని ప్రయత్నం లేదు. బాతులా నడిచింది. అరిచింది. గడ్డిలో దొర్లింది. కోవిడ్ ఆఫీసరు చేత పాట పాడించారు. పిల్ల మర్యాదగా విని, "యూ హావ్ ఎ లవ్లీ వాయిస్" అంది. మాస్కుల వల్ల మా ఎవరి నోళ్ళూ దానికి కనపడటం లేదని నేను నా మాస్కు మీద మార్కరుతో పెద్ద నవ్వు గీసుకుని వచ్చాను.

"దట్స్ క్రీపీ, ఆంటీ," అంది.

భయమేస్తోందట! తెనాలిలో నా నవ్వుకి ఎంత పేరుందో దీనికేం తెలుసు?

అలా రోజులు గడిచాయి. ఒక శుక్రవారం పొద్దున్న పిల్ల టోస్టు తింటుంటే డైరెక్టరు నన్ను గడ్డివాము పక్కకి పిలిచింది. మధ్యలో కర్ర పట్టుకునేవాడు లేకపోయినా అలవాటుగా ఇద్దరం దూరంగానే నిలబడ్డాం.

"చూడండి, మీ పిల్ల అద్భుతంగా ఏడుస్తుంది," అంది ఆవిడ. "కానీ ఇది ఇంటిల్లిపాదీ చూసే సినిమా. క్రిస్మస్‌కి జనాన్ని ఏడిపించి ఇంటికి పంపలేను. ఆ చివరి నవ్వు లేకపోతే నా దగ్గర సినిమా లేదు. డబ్బు పెట్టేవాళ్ళు కార్క్‌లో ఇంకో పిల్లని చూసి పెట్టారు. ఈరోజు కూడా రాకపోతే సోమవారం నుంచి ఆ పిల్లతో మళ్ళీ మొదటి నుంచి తీస్తాం. నన్ను తిట్టుకోకండి."

తిట్టుకోలేదు. ఆవిడ కళ్ళు కూడా నిద్రలేక ఉబ్బి ఉన్నాయి. కానీ ఈ సంగతి పిల్లకి తెలియదు. అది లోపల కూర్చుని, సినిమా అయ్యాక బాతును ఇంటికి తీసుకెళ్ళొచ్చా అని టోస్టు నములుతూ ప్లాన్లు వేస్తోంది. దానికి నేనేం చెప్పను? వాట్సాప్‌లో కిరీటం పెట్టినవాళ్ళకి దాని తండ్రేం చెబుతాడు? అద్దానికి చెయ్యి ఆనించే ఆ పిల్లకి ఆ ఏడాదిలో దొరికిన సంతోషం ఇదొక్కటే. అదీ లాగేసుకుంటే నేను చూడలేను.

తల్లికి ఫోన్ చేశాను. అప్పుడే డ్యూటీ మధ్యలో టీ తాగటానికి బయటికొచ్చిందట. వీడియోలో మొహమంతా మాస్కు గీతలు. సంగతంతా విని గట్టిగా అంది:

"దానికి దిష్టి తగిలింది ఆంటీ."

"అమ్మాయ్, నువ్వు నర్సువి!"

"నర్సునే. అయితే ఏంది? సూది పని సూదిది, మిరపకాయ పని మిరపకాయది. గ్రూపుల అందరు కిరీటాలు పెట్టిన నాడే అనుకున్న. మిరపకాయలున్నయా మీ దగ్గర?"

నా దగ్గర మిరపకాయలు లేకపోవడమా! ఆ సెట్టులో రోజూ పెట్టే ఉడకబెట్టిన బంగాళదుంపలు చూసి నా ప్రాణం విలవిల్లాడేది. అందుకే కారవాన్‌లో ఉన్న బుల్లి స్టవ్ మీద పోపు వేసుకోవడానికి ఒక మూకుడు, డబ్బాలో ఆవాలు, ఎండుమిరపకాయలు తెచ్చి పెట్టుకున్నాను. కల్లుప్పు మాత్రం లేదు. డేరాలోంచి ఉప్పు పొట్లాలు తెచ్చి చింపాను. ఐరిష్ ఉప్పు పనిచేస్తుందా అని అడిగితే, "ఉప్పు ఉప్పే ఆంటీ, జల్ది కానియ్యుండ్రి, నా బ్రేక్ అయిపోతది" అని కసిరింది.

ఫోను టీ కెటిల్‌కి ఆనించి పెట్టాను, తల్లి చూడటానికి. పిల్లని కుర్చీలో తూర్పు ముఖంగా కూర్చోబెట్టాను. తూర్పు ఎటో తెలియక దాని చేతే ఫోనులో చూపించుకున్నాను. పిడికిట్లో ఉప్పు, ఆవాలు, మిరపకాయలు పట్టుకుని దాని చుట్టూ తిప్పడం మొదలుపెట్టాను. వేషం పెద్దది కదా అని మిరపకాయలు కూడా ధారాళంగానే తీసుకున్నాను.

"ఇరుగువాళ్ళ దిష్టి, పొరుగువాళ్ళ దిష్టి, వాట్సాపు దిష్టి, డైరెక్టరు దిష్టి, కెమెరా దిష్టి, కార్క్ దిష్టి..."

"బాతు దిష్టి," అంది ఫోనులోంచి తల్లి.

"ది గూస్ లవ్స్ మీ, అమ్మా!" అని పిల్ల అడ్డుపడింది.

"సరే, బాతును తీసెయ్యుండ్రి ఆంటీ."

తిప్పడం అయ్యాక పిల్ల చేత పిడికిట్లోకి ఉఫ్ అనిపించి, ఫోను దాని చేతికిచ్చి, మాట్లాడుకుంటూ బయట మెట్టు మీద కూర్చోమని పంపించాను. బాతు అక్కడే కాపలా కాస్తోంది. మూకుడు ఎర్రగా కాలేదాకా ఆగి పిడికెడూ అందులో వేశాను. పిల్లకి పొగ తగలకూడదని తలుపు మూసి, బుద్ధిగా ఫ్యాను పూర్తిగా తిప్పాను.

ఇక్కడ మీకొక సంగతి చెప్పాలి. మీలో చాలామంది ఇక్కడే పుట్టారు కాబట్టి తెలియకపోవచ్చు. దిష్టి మిరపకాయలు కాల్చినప్పుడు ఘాటు రాకపోతే దిష్టి గట్టిగా తగిలినట్టు లెక్క. ఘాటొచ్చి దగ్గు వచ్చిందంటే అసలు దిష్టి లేనట్టు. కాబట్టి నేను ఘాటు రాకూడదని కోరుకుంటూ నిలబడ్డాను. మొదటి క్షణం ఏమీ రాలేదు. "చూశావా, ఎంత దిష్టో!" అనుకుని సంతోషించాను. అంతలో వచ్చింది. నా కళ్ళు, ముక్కు, గొంతు ఒక్కసారి భగ్గుమన్నాయి. అయితే నాకొచ్చింది తక్కువే. ఎక్కువ భాగం ఫ్యాను శ్రద్ధగా లాగేసి డేరాలోకి పంపించింది.

ముందు ఒక దగ్గు వినిపించింది. ఆ తర్వాత రెండో గొంతు. ఆ తర్వాత డేరా మొత్తం కూలుతున్నట్టు దగ్గు. టీ కప్పులు పడిన చప్పుడు. కోవిడ్ ఆఫీసరు ఈల.

"అందరూ బయటికి! పొలంలోకి! దూరం! దూరం పాటించండి!"

నేను తలుపు తీసుకుని బయటపడేసరికి కనపడిన దృశ్యం నా జన్మలో మర్చిపోలేను. వార్డ్‌రోబువాళ్ళు, లైట్లవాళ్ళు, వంటవాళ్ళు, అందరూ డేరాలోంచి పరిగెత్తుకొచ్చి తడి పొలంలో దూరదూరంగా నిలబడి, ఒకరికొకరు మొహం తిప్పుకుని, మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని దగ్గుతున్నారు. అందరి కళ్ళల్లో నీళ్ళు. డైరెక్టరు ఊలు టోపీతో మొహం తుడుచుకుంటోంది. అందరికీ ఒకేసారి వ్యాధి వచ్చేసిందని అనుకున్నారు పాపం. ఎవరో వాళ్ళమ్మకి ఫోను కూడా చేస్తున్నారు. కోవిడ్ ఆఫీసరు కర్ర ఊపుతూ, "ఎవరు దగ్గారు? దగ్గినవాళ్ళు ఇంటికి!" అని అరుస్తున్నాడు. అరుస్తూ అరుస్తూ తనే దగ్గడం మొదలుపెట్టాడు. తన నియమం ప్రకారం ముందు తననే ఇంటికి పంపుకోవాలి. ఆ విషయం అతనికి తట్టిన క్షణం మొహం చూడాలి.

మెట్టు మీద పిల్ల చేతిలో ఫోను. తల్లి కంగారుగా కేకలేస్తోంది. "ఏమైందే? ఎవరు దగ్గుతున్నరు? జ్వరముందా? ఆంటీ ఏడున్నది? ఆంటీకి ఫోనియ్యి!" దగ్గుతూనే నేను చేతిలో మూకుడు ఎత్తి ఫోనుకి చూపించాను. అడుగంటి నల్లబడ్డ మిరపకాయలు. వెనకాల పొలం నిండా దగ్గే జనం. వాళ్ళ మధ్య తన దగ్గుని కర్రతో కొలుస్తున్నట్టు ఊగిపోతున్న ఆఫీసరు.

తల్లి చూసింది. ముక్కుతో "గుర్ర్" మని ఒక చప్పుడు. ఆ అమ్మాయి నవ్వు ఎప్పుడూ అలాగే మొదలవుతుంది, ముందు గురక, వెనక నవ్వు. మా గోడకి ఇవతల నుంచి ఎన్నేళ్ళు విన్నానో. అది విని ఎన్ని నెలలైందో అప్పుడు నాకు తెలిసొచ్చింది. ఆసుపత్రి టీ గదిలో బల్ల మీద వాలిపోయి నవ్వుతోంది. "సూది... పని... సూదిది" అని ఊపిరాడక మళ్ళీ నవ్వుతోంది.

పిల్ల ఫోను వంక చూసింది. పొలం వంక చూసింది. అప్పుడు దాని ముక్కులోంచి కూడా అదే "గుర్ర్" వచ్చింది. వెనకాలే నవ్వు. హా హా హా కాదు. పొట్ట పట్టుకుని, వెనక్కి విరుచుకుపడి, ఊపిరి అందక చేతులు కొట్టుకుంటూ నవ్వు. బాతు బెదిరి రెక్కలు కొట్టింది. దాంతో ఇంకా నవ్వింది.

పొలంలో డైరెక్టరు తలెత్తింది. గొంతు పెగలటం లేదు, కానీ చేతులు మాట్లాడాయి. కెమెరా మనిషీ మైకు మనిషీ పొద్దున్నుంచీ గాలికి ఎదురు దిక్కున ఇంటి గుమ్మం దగ్గరే అన్నీ సర్దుకుని ఉన్నారు, పొగ వాళ్ళకి తగల్లేదు. ఆవిడ పిల్లని చూపించి, గుమ్మాన్ని చూపించి, రెండు చేతులూ గాలిమరలా తిప్పింది. నాకు అర్థమైంది. "పదవే!" అని పిల్ల చెయ్యి పట్టుకున్నాను.

కర్ర అడ్డం పడింది.

"ఎవరూ కదలకూడదు," అన్నాడు ఆఫీసరు కళ్ళు తుడుచుకుంటూ. "అందరికీ పరీక్ష అయ్యేదాకా పని లేదు. పావుగంట పడుతుంది."

పావుగంట! నవ్వు పావుగంట ఆగుతుందా? తల్లి బ్రేకు ఆగుతుందా? డైరెక్టరు అక్కడ పొలంలో దండం పెడుతోంది. నేను నా జీవితంలో ఎప్పుడూ ఎవరితోనూ అంత గట్టిగా మాట్లాడలేదు.

"అయ్యా, ఇది జబ్బు కాదు. మిరపకాయ! మా పిల్లకి దిష్టి తీశాను. మీ ఫ్యానే పట్టుకెళ్ళి అందరికీ పంచింది. నమ్మకపోతే ఇదిగో, వాసన చూడండి!"

మూకుడు ముక్కు కింద పెట్టాను. పెళ్ళిళ్ళ హోటలు నడిపిన మనిషి కదా, వంటల విషయంలో ధైర్యం ఉంది. మాస్కు కొంచెం దించి గట్టిగా ఒక్క పీల్పు పీల్చాడు. తర్వాత కర్రని రెండు చేతులా పట్టుకుని దాని మీద వాలిపోయాడు. ఆ దగ్గు చూసి బాతే వెనక్కి తగ్గింది. చాలాసేపటికి ఎర్రటి కళ్ళతో తలెత్తి, దారికి అడ్డం తీసేసి, బొంగురు గొంతుతో అన్నాడు:

"గ్రాండ్."

పరిగెత్తాం. పిల్ల నవ్వుతూనే పరిగెత్తింది, దాని వెనక రెక్కలు చాచి బాతు, దాని వెనక నా పసుపు శాలువాతో నేను. మొదటిసారి ఆ బాతుకి నన్ను పొడిచే తీరిక లేదు. పిల్ల గుమ్మం మెట్టు మీద కూలబడి బాతును వాటేసుకుంది. నేను కెమెరా కింద బాసింపట్టు వేసుకుని కూర్చుని ఫోను ఎత్తి పట్టుకున్నాను. అందులో ఆ తల్లి కళ్ళు తుడుచుకుని ఆపుకోబోయి, కూతుర్ని చూసి మళ్ళీ "గుర్ర్". కూతురు మళ్ళీ. నేను ఫోను మాత్రం కదలనివ్వలేదు.

ఎంతసేపు తీశారో తెలియదు. తల్లి వెనకాల ఎవరో పిలిచారు. "పోవాలె బిడ్డ, పేషెంట్ పిలుస్తున్నడు. మంచిగ చెయ్యి," అని నవ్వుతూనే ఫోను పెట్టేసింది. పిల్ల బాతు మెడలో మొహం దాచుకుని, నవ్వు మెల్లగా తగ్గి, చివరికి ఒక నిట్టూర్పు విడిచింది. ఎవరూ రాయని, ఎవరూ చెప్పని నిట్టూర్పు. డైరెక్టరు దూరంగా పొలంలోనే మోకాళ్ళ మీద కూర్చుని ఏడుస్తోంది. మిరపకాయ వల్లనా, సంతోషం వల్లనా అని నేను అడగలేదు.

తర్వాత అందరికీ పరీక్షలు చేశారు, ఎవరికీ ఏమీ లేదు. సాయంత్రానికల్లా డేరాలో బోర్డు మీద, చేతులు కడుక్కోండి, మాస్కు ధరించండి అన్న మాటల కింద ఆఫీసరు చేతిరాతతో కొత్త నియమం ఒకటి వెలిసింది: సెట్టు మీద ఎండుమిరపకాయలు నిషేధం. నా పోపు బంగాళదుంపలకి అలవాటుపడ్డ లైట్లవాళ్ళు దాని మీద నిరసన కూడా తెలిపారు. కార్క్ పిల్ల సంగతి అడుగుతారేమో, ఆ పిల్లకి తర్వాత వేరే సినిమాలో మంచి వేషమే వచ్చింది. అందులో గుర్రం ఉందట, బాతు కాదు.

ఆ రాత్రి తల్లి ఫోన్ చేసింది.

"ఆంటీ, గంత ఘాటొచ్చిందంటే దిష్టి లేనట్టే గద."

"లేనట్టే అమ్మాయ్. అణువంత కూడా లేదు."

"మరి గిన్ని రోజులు ఎందుకు నవ్వలేదు అది?"

జవాబు ఇద్దరికీ తెలిసిందే. అన్ని నెలలూ వాళ్ళ ఫోను మాటలు "తిన్నవా", "పన్నవా", "తమ్ముడు మంచిగున్నడా" దాటలేదు. అలిసిపోయి ఫోను చేసే తల్లి, అలిసిపోయిందని తెలిసి ఏమీ అడగని కూతురు. నవ్వు ఎలా ఉంటుందో పిల్లకి చూపించేవాళ్ళు లేకపోయారు. నేను మాస్కు మీద మార్కరుతో గీస్తే వస్తుందా? క్రెష్‌లో అన్నేళ్ళు పిల్లల్ని ఎత్తుకున్నదాన్ని, నాకా మాత్రం తట్టకపోవడం చూసి నా మీద నాకే నవ్వొచ్చింది.

పని నేర్చుకోవాలనుకునే మీకు నేను చెప్పగలిగింది ఇదే. కోటు పట్టుకోండి, నీళ్ళు పట్టుకోండి, టోస్టు తిన్నారా చూడండి. కానీ ఆ పిల్ల ఎవరి కోసం చూస్తోందో ముందు కనిపెట్టండి. మిరపకాయలు కూడా దగ్గర ఉంచుకోండి, ఫ్యాను మాత్రం ఎటు తిరుగుతోందో చూసుకోండి.

హాళ్ళు తెరిచాక నేవన్‌లోనే సినిమా వేశారు. అప్పటికి ఆ అమ్మాయి ఇంటికి వచ్చేసింది. మధ్యలో సీటు వదిలి ఒకళ్ళు కూర్చోవాలి, మాస్కులు తియ్యకూడదు. పిల్ల మా ముందు వరసలో, దాని పక్కన ఒక ఖాళీ సీటు, దాని తర్వాత వాళ్ళ నాన్న. తల్లి నాకు ఒక సీటు అవతల. చివరి సీను వచ్చింది. గుమ్మం, మెట్టు, బాతు. పిల్ల ముక్కు గురక, వెనకాల నవ్వు. హాల్లో పిల్లలందరూ గొల్లుమన్నారు. వాళ్ళతో పాటు నేనూ నవ్వుతూ నవ్వుతూ ఉన్నట్టుండి ఆగిపోయాను.

ఆ నవ్వు కింద ఇంకో నవ్వుంది. సన్నగా, ఎక్కడో దూరం నుంచి వస్తున్నట్టు, ముందు గురక, వెనక నవ్వు. మైకు మనిషి ఆనాడే చెప్పాడు, ఫోనులో గొంతు పిల్ల గొంతులో కలిసిపోయింది, దాన్ని తీస్తే దీన్నీ తియ్యాలి, వదిలేద్దామని. నేను మర్చిపోయాను. తెర మీద ఆ తల్లి పేరు లేదు, మొహం లేదు. డబ్లిన్ ఆసుపత్రి టీ గదిలో నవ్విన నవ్వు మాత్రం ఐర్లాండ్ అంతా వింటోంది. తల్లి కూడా తన గొంతు తను గుర్తుపట్టింది. మాస్కు మీద చెయ్యి పెట్టుకుంది. భుజాలు కదిలాయి. ఏడుస్తోందనుకుని నేను ఖాళీ సీటు మీదుగా చెయ్యి చాచాను. అంతలో మాస్కులోంచి "గుర్ర్" మంది.

ముందు వరసలోంచి పిల్ల గిరుక్కున తిరిగింది.

"మామ్! స్టాప్! అందరూ చూస్తున్నారు!"

ఆ తల్లి ఆపలేదు. తెర మీదా ఆపలేదు, సీట్లోనూ ఆపలేదు.